వేడెక్కుతున్న యంత్రపు మెదడు

మన కళాశాల వార్షిక సంచికలో ప్రతి సంవత్సరం సాహిత్యాన్ని గురించి, జాతీయ సమైక్యతను గురించి, యువతరం బాధ్యతలను గురించి చక్కని వ్యాసాలు వెలువడుతున్నవి. వాటి నడుమ డీజిల్ ఇంజనును గురించి వ్రాయబూనుట కొందరికి వింతగా తోచవచ్చు. ఒక వైపు నుండి గజళ్ళు, మరొక వైపు నుండి కథలు చదువుకొంటూ వచ్చే పాఠకునికి నడుమ ఈ నూనె వాసన ఏమిటని అనిపించవచ్చు. కాని మన విద్యార్థులలో ఎందరి తండ్రులు లారీ స్టీరింగు పట్టుకొని, ఎందరి అన్నలు కార్ఖానాలో స్పానరు పట్టుకొని, ఎందరి మేనమామలు ట్రాక్టరు వాయిదాలు కట్టుకొంటూ ఇల్లు గడుపుతున్నారో ఒక్క తరగతిలో చేతులెత్తించి చూచినా చాలు, ఈ వింత తొలగిపోతుంది. నేను చేతులెత్తించి చూచాను. అందుకే ఈ వ్యాసం.

విషయం చంద్లాపూర్‌తో ప్రారంభిస్తాను. సిద్దిపేట జిల్లా చిన్నకోడూరు మండలంలోని ఈ గ్రామం పేరు 2020 ఏప్రిల్ 24వ తేదీన రాష్ట్రమంతటా వినిపించింది. ఆనాడు ఇక్కడి రంగనాయక సాగర్ జలాశయంలోనికి నీరు ఎత్తిపోయడం ప్రారంభమైంది. 3 టి.ఎం.సి.ల నీరు పట్టే ఆ జలాశయాన్నీ, భూగర్భంలోని దాని మోటార్లనూ చూడడానికి వచ్చేవారు నేటికీ వస్తూనే ఉన్నారు. ఆ మోటార్లు విద్యుత్తుతో నడిచేవి గనుక వాటి ప్రసక్తి ఇక్కడ లేదు. నేను చెప్పదలచినది ఆ నీటి వెనుక వచ్చిన మార్పును గురించి. నీరు వచ్చినచోట యాసంగి వరి వస్తుంది. యాసంగి వరి కోతకు వచ్చేది ఏప్రిల్, మే మాసాలలో. అంటే ఇంజనుకు ప్రాణసంకటమైన ఎండలోనే కోతయంత్రం పొద్దస్తమానం పొలంలో దిగి ఉండాలి. వానాకాలపు పంట కోసే కార్తీక మాసపు చల్లదనంలో బయటపడని లోపాలన్నీ ఈ రోజులలో బయటపడతాయి.

కొన్ని యాసంగుల క్రితం చంద్లాపూర్ పరిసరాలలో ఒక హార్వెస్టర్ మధ్యాహ్నం పన్నెండు దాటగానే శక్తి తగ్గి మూలుగుతుండేది. యజమాని నాకు తెలిసినవాడు, మా పూర్వ విద్యార్థి తండ్రి. అప్పు చేసి కొన్న యంత్రం. గంటల లెక్కన కిరాయి. గంటకు ఇంత అని వచ్చే యంత్రం గంటలకు గంటలు మెల్లగా నడిస్తే రైతుకూ నష్టమే, యజమానికీ నష్టమే. ఎవరో చెప్పగా ఆయన ఒక ల్యాప్‌టాప్ వైద్యుణ్ణి పిలిపించాడు. ఆ కుర్రవాడు వచ్చి, వైరు తగిలించి, అరగంటలో ఏవో అంకెలు మార్చి, రుసుము పుచ్చుకొని వెళ్ళిపోయాడు. మరునాటి నుండి యంత్రం మధ్యాహ్నం కూడా ఉరకలు వేసింది. ఊరంతా ఆశ్చర్యపోయింది. తొమ్మిదవ నాటి మధ్యాహ్నం పొలం నడుమ ఇంజను ఒక్కసారిగా ఆగిపోయింది. ఎంత ప్రయత్నించినా లేవలేదు. సాయంత్రం ఆరు గంటలకు ఏమీ జరగనట్లు తనంతట తానే లేచింది! మరునాడూ అదే తీరు. మూడవ నాడు మొయిలు పట్టి, రాత్రికి అకాల వర్షం కురిసింది. కోయవలసిన మడులు నేలకొరిగినవి.

అప్పుడు సిద్దిపేట నుండి ఒక వృద్ధ మిస్త్రీని పిలిపించారు. నాకు ఇరువది యేండ్లుగా పరిచితుడు. అందరూ ఉస్తాద్ అనే పిలుస్తారు. యజమాని కోరికపై నేను కూడా వెంట వెళ్ళాను. భౌతికశాస్త్రం బోధించేవాడికి పొలంలో ఏం పని అని ఆయన నవ్వుతూనే ఉన్నాడు. ఆయన చేసిన పని చెబితే మీరు నమ్మకపోవచ్చు. ఇంజను ప్రక్కన ఒక ప్లాస్టిక్ సంచిలో చుట్టి, తాడుతో కట్టి ఉన్న అల్యూమినియం డబ్బాను విప్పాడు. చేయి పెట్టి వెనుకకు తీశాడు. కనెక్టరుకు తడి తగలకుండా జాగ్రత్తపడుతూ డబ్బా మీద తడిగుడ్డ పరచి, బీడీ వెలిగించి, పావుగంట కూర్చున్నాడు. తరువాత తాళం త్రిప్పగానే ఇంజను లేచింది.

“చూసినవా సార్, గిదే రోగం. లోపల ఏదో టాంకా ఇడిసింది. గరమైతే ఇడుస్తది, సల్లగైతే అంటుకుంటది” అన్నాడు. టాంకా అంటే లోహపు అతుకు. ఇంగ్లీషులో సోల్డరు.

నేను ప్రయోగశాలలో ఎన్నో పరికరాలతో చేసే నిర్ధారణను ఆయన ఒక తడిగుడ్డతో చేశాడు. అయితే అక్కడితో కథ ముగియలేదు. హైదరాబాదులో ఆ డబ్బాను బాగుచేయించి, పాత అంకెలే తిరిగి ఎక్కించి తెచ్చిన తరువాత రేడియేటరులో బుడగలు కనిపించినవి. సిలిండరు హెడ్డు గాస్కెట్టు కాలిపోయింది. మొత్తం మీద పన్నెండు రోజులు పోయినవి. కోతల కాలంలో పన్నెండు రోజులంటే ఏమిటో వ్యవసాయ కుటుంబాల నుండి వచ్చిన విద్యార్థులకు నేను చెప్పనక్కరలేదు.

ఇందులో తప్పెవరిది? ఈ ప్రశ్నకు సమాధానం చెప్పవలెనంటే ఆ డబ్బా ఏమిటో, అది ఎందుకు వేడెక్కుతుందో, ఆ కుర్రవాడు మార్చిన అంకెలు ఏమిటో తెలియాలి.

రుడాల్ఫ్ డీజిల్ 1892లో తన ఇంజనుకు పేటెంటు కోరాడు. 1897లో జర్మనీలోని ఆగ్స్‌బర్గ్ నగరంలో అది జయప్రదంగా నడిచింది. గాలిని గట్టిగా అదిమితే అది మండేంత వేడెక్కుతుంది, ఆ వేడిలోనికి నూనెను చిమ్మితే నిప్పురవ్వ లేకుండానే మండుతుంది అన్నదే దాని మూలసూత్రం. కనుక డీజిల్ ఇంజను పుట్టుకలోనే వేడి ఉన్నది. ఎంత నూనెను, ఏ క్షణంలో, ఎంత ఒత్తిడితో చిమ్మాలన్నదే మొదటి నుండీ సమస్య. 1927 నుండి బాష్ సంస్థ తయారుచేసిన ఇంజెక్షన్ పంపు దానిని చాలావరకు పరిష్కరించింది. మన దేశంలో 1951లో వెలసిన మైకో సంస్థ వలన ఆ పంపు పల్లెపల్లెకూ చేరింది. ఆ సంస్థకు 2008 నుండి బాష్ లిమిటెడ్ అనే పేరు వచ్చినా, మన మిస్త్రీలకు అది నేటికీ మైకో పంపే.

ఆ రోజులలో ట్యూనింగు అంటే ఉస్తాదు విద్య. పంపు టైమింగును వెంట్రుకవాసి ముందుకో వెనుకకో త్రిప్పడం, నాజిల్ చిమ్మే తుంపరను చూచి లోపం చెప్పడం, పొగ రంగును బట్టి నూనె ఎక్కువయ్యిందో గాలి తక్కువయ్యిందో నిర్ణయించడం, ఇవన్నీ చెవితో, కంటితో, వ్రేళ్ళతో నేర్చిన విద్యలు. శాగిర్దు పదేండ్లు స్పానర్లు అందించిన తరువాత గాని ఉస్తాదు పంపు మీద చేయి వేయనిచ్చేవాడు కాదు. ఆ కట్టుబాటును నేను పూర్తిగా సమర్థించను, ఎందరో పిల్లల బాల్యం అందులో కరిగిపోయింది. కాని అనుభవం లేని చేయి పంపు మీద పడకుండా అది కాపాడిందన్న మాటా నిజమే.

తరువాత కామన్ రెయిల్ పద్ధతి వచ్చింది. 1995లో జపానుకు చెందిన డెన్సో సంస్థ దానిని లారీలకు, 1997లో బాష్ సంస్థ కార్లకు అమర్చినవి. ఇందులో నూనెను ఒక గట్టి గొట్టంలో వెయ్యిన్నర, రెండు వేల బార్ల ఒత్తిడితో సిద్ధంగా ఉంచుతారు. కారు టైరులో ఉండే ఒత్తిడి రెండు బార్లకు కొంచెం పైన అని గుర్తుంచుకొంటే ఈ సంఖ్య ఎంత భయంకరమైనదో బోధపడుతుంది. ఆ నూనెను సిలిండరులోనికి వదిలే ఆజ్ఞ ఇచ్చేది ఎలక్ట్రానిక్ కంట్రోల్ యూనిట్, అంటే ఇ.సి.యు. మన మిస్త్రీల భాషలో కంప్యూటర్ డబ్బా. మన దేశంలో వాహనాలకు 2017 ఏప్రిల్ 1 నుండి భారత్ స్టేజి 4, 2020 ఏప్రిల్ 1 నుండి భారత్ స్టేజి 6 నిబంధనలు దేశమంతటా అమలులోనికి వచ్చిన తరువాత ఈ డబ్బా లేని కొత్త డీజిల్ లారీ లేదు. 2023 నుండి 50 అశ్వశక్తికి మించిన ట్రాక్టర్లకు కూడా కఠినమైన నిబంధనలు వచ్చినవి. కావున పొలంలోకి కూడా ఈ డబ్బా ప్రవేశించింది. ఇక వెనుకకు పోయేది లేదు.

ఇ.సి.యు. లోపల ఉన్నవి ఎక్కాల పుస్తకం వంటి పట్టికలు. ఇంజను ఇన్ని చుట్లు తిరుగుతుండగా, డ్రైవరు ఇంత పెడలు నొక్కితే, ఇన్ని మిల్లీగ్రాముల నూనె చిమ్మాలి అని ఒక పట్టిక. వచ్చే గాలి ఇంతే ఉన్నది గనుక పొగ రాకుండా ఉండడానికి ఇంతకు మించి చిమ్మరాదు అని మరొకటి. నీటి వేడి ఫలానా హద్దు దాటితే శక్తిని తగ్గించాలి అని ఇంకొకటి. వీటిని నింపడానికి తయారీదారులు చలిదేశాలలోను, ఎడారులలోను, కొండల మీదను ఇంజనును నడిపి కొలుస్తారు. ట్యూనింగు అనే పేరుతో నేడు జరుగుతున్నది ఈ పట్టికలలోని అంకెలను మార్చడమే. మరి కొందరు పట్టికలను ముట్టుకోకుండా, ఒత్తిడిని కొలిచే సెన్సారుకూ డబ్బాకూ నడుమ చిన్న పెట్టె తగిలిస్తారు. అది ఉన్న ఒత్తిడికంటె తక్కువ ఉన్నట్లు అబద్ధపు కబురు చెబుతుంది. డబ్బా ఆ మాట నమ్మి ఒత్తిడిని పెంచుతుంది. వైద్యుని మోసగించి ఎక్కువ మందు వ్రాయించుకొన్నట్లన్నమాట.

ఇక వేడి సంగతి. బయట 45 డిగ్రీల ఎండ ఉన్నదనుకొందాం. అది మన ప్రాంతానికి కొత్త కాదు. 2015 మే మాసపు వడగాలులలో దేశంలో రెండు వేలమందికి పైగా మరణించినప్పుడు వారిలో అత్యధికులు మన రెండు తెలుగు రాష్ట్రాలవారే. 25 డిగ్రీల వద్ద ఉన్న గాలితో పోలిస్తే 45 డిగ్రీల గాలి సుమారు 6 శాతం పలుచన. ఇది ఇంటర్మీడియెట్ విద్యార్థి వేయగల లెక్కయే, 298ని 318తో భాగిస్తే తెలుస్తుంది. అంటే ఇంజను అంతే పరిమాణం గాలి పీల్చుకొన్నా ప్రాణవాయువు 6 శాతం తక్కువ. నూనె కూడా వేడికి ఉబ్బుతుంది. 30 డిగ్రీలు పెరిగితే రెండున్నర శాతం పలుచబడుతుంది. పాత పంపు నూనెను కొలపాత్రతో కొలిచినట్లు పరిమాణంతో కొలిచేది గనుక, పగలు పన్నెండింటికి బండి లాగదు అని పాతకాలపు డ్రైవర్లు చెప్పేమాటలో శాస్త్రం ఉన్నది. ఇ.సి.యు. ఈ తేడాలను కొలిచి సరిదిద్దగలదు. కాని లేని గాలిని తేలేదు. గాలి లేనిచోట నూనె పెంచితే నల్లని పొగ వస్తుంది. టర్బో ముందరి పొగగొట్టంలో వేడి పెరిగిపోతుంది. హెడ్డు, పిస్టను, గాస్కెట్టు ఆ భారాన్ని మోయాలి.

డబ్బా లోపలి వేడి మరొక అధ్యాయం. నాలుగు సిలిండర్ల ఇంజను నిమిషానికి 2000 చుట్లు తిరుగుతున్నప్పుడు సెకనుకు 66 పర్యాయాలు నూనె చిమ్మవలసి ఉంటుంది. ముందు కొంచెం, తరువాత అసలు మోతాదు అని రెండు విడతలుగా చిమ్మితే అది 130 దాటుతుంది. ప్రతి పర్యాయమూ 12 వోల్టుల బ్యాటరీ కరెంటును 60, 70 వోల్టులకు పెంచి, ఇరువది ఆంపియర్ల వరకు క్షణంలో వదిలి ఇంజెక్టరును తెరవాలి. ఆ పని చేసే ట్రాన్సిస్టర్లు వేడెక్కక తప్పదు. వాహనాలకు వాడే మంచి చిప్పులు 125 డిగ్రీల పరిసరాలకు తట్టుకొనేటట్లు తయారవుతాయి. కాని చిప్పు ఒక్కటే కాదు గదా ఉన్నది. విద్యుత్తును నిలువచేసే కెపాసిటర్లకు ఒక మోటు సూత్రం ఉన్నది: ప్రతి 10 డిగ్రీల వేడికి ఆయుర్దాయం సగమవుతుంది. 85 డిగ్రీల వద్ద 8000 గంటలు బ్రతికేది 105 వద్ద 2000 గంటలే బ్రతుకుతుంది. ఇక అతుకుల సంగతి ఉస్తాద్ చెప్పనే చెప్పాడు. రాగి ఒక పాళ్ళలో, పలక ఒక పాళ్ళలో, చిప్పు మరొక పాళ్ళలో వ్యాకోచిస్తాయి. పగలు సాగి, రాత్రి ముడుచుకొని, ఏండ్లతరబడి ఈ సాగులాట వలన అతుకు చిట్లుతుంది. మొదట వేడిలో మాత్రమే విడుస్తుంది. చల్లబడగానే కలుస్తుంది. వర్క్‌షాపుకు తెచ్చేసరికి బండి చల్లబడి ఉంటుంది గనుక లోపం కనబడదు. ‘ఏమీ లేదు, తీసుకొని పొండి’ అంటారు.

అందుకే తయారీదారులు డబ్బాకు అల్యూమినియపు రెక్కలు పెడతారు. కొన్ని పెద్ద లారీ ఇంజన్లలో ట్యాంకు నుండి వచ్చే చల్లని డీజిలునే డబ్బా వెనుక పలకగుండా పారించి చల్లబరుస్తారు. (ట్యాంకులో నూనె తక్కువ ఉంచి నడిపేవారు ఈ సంగతి గమనించాలి, తిరిగివచ్చే వేడి నూనె కొద్దిపాటి నూనెను త్వరగా కాచివేస్తుంది.) మన దగ్గర ఏమి చేస్తున్నాము? వానకు తడుస్తుందని ప్లాస్టిక్ సంచి చుట్టి, ఆ రెక్కల ప్రయోజనాన్ని మనమే నాశనం చేస్తున్నాము. రెక్కల మీద వరిపొట్టు, మన్ను అట్టగట్టినా దులపము. సాయంత్రం ఇంజను కాగుతూ ఉండగానే నీటిపంపుతో కడుగుతాము. లోపలి వేడిగాలి హఠాత్తుగా ముడుచుకొని, కనెక్టరు సందుల నుండి తేమను లోపలికి పీల్చుకొంటుంది. వెల్డింగు చేసేటప్పుడు బ్యాటరీ తీగలను, డబ్బా కనెక్టరును విప్పాలన్న మాట ఎంతమంది వెల్డర్లకు తెలుసునో నాకు సందేహమే. ఇవి ఖర్చులేని జాగ్రత్తలు. అయినా ఎవరూ చెప్పరు. చెప్పిన పుస్తకం ఉన్నా అది ఇంగ్లీషులో ఉంటుంది.

చంద్లాపూర్ హార్వెస్టరులో జరిగింది ఇదే. రేడియేటరు జాలి పొట్టుతో మూసుకుపోయింది. నీరు కాగింది. డబ్బా తన విధిగా శక్తి తగ్గించింది. ఆ కుర్రవాడు జాలి చూడలేదు. శక్తి తగ్గించే హద్దును పైకి జరిపి, నూనె పెంచాడు. ఉస్తాద్ మాట ఇంకా నా చెవిలో ఉన్నది. “అది పొద్దుగాలకెల్లి మొత్తుకుంటనే ఉన్నది సార్, నాకు జరమొచ్చింది అని. వీళ్ళు దాని నోరు మూసిండ్రు.” జాలిని గాలిపంపుతో ఊదితే పావుగంట పని.

కనుక తప్పంతా ల్యాప్‌టాప్ కుర్రవాడిదేనని తీర్మానించి, ట్యూనింగును నిషేధించాలని నేను అంటానని కొందరు అనుకోవచ్చు. చట్టం ఇప్పటికే ఆ మాట అంటున్నది. 2019లో సవరించిన మోటారు వాహనాల చట్టం 182ఎ సెక్షను నాలుగవ ఉపసెక్షను ప్రకారం అనుమతిలేని మార్పు చేసిన యజమానికి ఆరు నెలల వరకు జైలో, మార్పు ఒక్కింటికి 5000 రూపాయల జరిమానాయో, రెండునో విధించవచ్చు. శిక్ష యజమానికి. అంకెలు మార్చినవాడు అప్పటికి మరో ఊరిలో ఉంటాడు.

కాని నా అభిప్రాయం అంత సులువైనది కాదు. అంకెలతో ఆడుకొన్నవారు చిన్నవారే కాదు. 2015 సెప్టెంబరులో ఫోక్స్‌వాగన్ సంస్థ బండారం బయటపడినప్పుడు, ప్రపంచంలో సుమారు కోటి పది లక్షల డీజిల్ కార్లలో పరీక్ష సమయాన్ని పసిగట్టి అప్పుడు మాత్రమే పొగను అదుపుచేసే పట్టికలు ఉన్నట్లు తేలింది. మన దేశంలోనూ మూడు లక్షలకు పైగా కార్లను వెనుకకు పిలిచారు. పట్టభద్రులైన ఇంజనీర్లు, గొప్ప ప్రయోగశాలలు ఉండి చేసిన పని అది. దానితో పోలిస్తే మా ల్యాప్‌టాప్ కుర్రవాడు పాపం బడి మానివేసినవాడు. ఎవరో అమ్మిన ఫైలును ఎక్కించాడు. అందులోని ఒక్క అంకెకు అర్థం తెలియదు.

యజమానికి కూడా న్యాయమైన ఫిర్యాదు ఉన్నది. డబ్బాకు తాళం కంపెనీ దగ్గర ఉన్నది. చిన్న సెన్సారు మార్చినా దానిని డబ్బాకు పరిచయం చేయడానికి కంపెనీ వారి స్కానరు కావాలి. కోతల కాలంలో కంపెనీ మనిషి వచ్చేదాకా యంత్రం మడిలో నిలబడి ఉండాలి. ఈ బాధ మన ఒక్కరిదే కాదు. అమెరికా రైతులు తమ ట్రాక్టర్ల సాఫ్ట్‌వేరును తామే తెరచి బాగుచేసుకొనే హక్కు కోసం పోరాడి, 2015లో కాపీరైటు చట్టం నుండి ఒక మినహాయింపు సంపాదించుకొన్నారు. అయినా వివాదం తీరక, 2025 జనవరిలో అక్కడి ప్రభుత్వ సంస్థయే ప్రసిద్ధ ట్రాక్టర్ల కంపెనీ జాన్ డీర్ మీద దావా వేసింది. మన కేంద్ర ప్రభుత్వం కూడా 2022 జులైలో మరమ్మత్తు హక్కును గురించి ఒక కమిటీని నియమించి, వ్యవసాయ పరికరాలను అందులో చేర్చింది. ఇది మంచి ఆరంభం. కాని తాళం చెవి చేతికి వచ్చినంత మాత్రాన పెట్టెలోని సరుకు ఏమిటో తెలియదు. తెలియనివాడి చేతికి తాళం చెవి ఇస్తే చంద్లాపూర్‌లో జరిగినదే మళ్ళీ జరుగుతుంది.

మన ఎండలకు తగిన ట్యూనింగు ఒకటి ఉండగలదని నా విశ్వాసం. అది శక్తిని పెంచేది కాదు. నీటి వేడి హద్దుకు చేరకముందే ఫ్యానును పూర్తి వేగంతో తిప్పడం, మధ్యాహ్నం గంటలలో నూనెను మెల్లమెల్లగా తగ్గించి డ్రైవరుకు ముందుగానే హెచ్చరిక చూపడం, పొట్టు ఎగిరే పనిలో జాలి మూసుకొనడాన్ని గుర్తించడం వంటివి అది చేయాలి. ఒక్కసారిగా సగం శక్తి పడిపోతే డ్రైవరు కోపంతో ట్యూనింగు వానిని వెదుకుతాడు. పదిపాళ్ళు ముందుగా తగ్గితే ఆగి జాలి దులుపుతాడు. ఈ పని కంపెనీ చేయాలి. కంపెనీకి చెప్పగలవారు మన పొలాలను, మన పొట్టును, మన ఎండను ఎరిగినవారై ఉండాలి.

ఇప్పుడు మన కళాశాల విషయం. 2006 నాటి సచార్ కమిటీ నివేదిక, ముస్లిం శ్రామికులు అధికంగా ఉన్న వృత్తులలో మోటారు వాహనాల మరమ్మత్తును కూడా పేర్కొన్నది. అది మనకు నివేదిక చెప్పాలా? సిద్దిపేట నుండి హైదరాబాదు దాకా రోడ్డు ప్రక్కల షెడ్లను చూస్తూ పోతే చాలు. తండ్రులు నడిపిన ఆ షెడ్లు ఇ.సి.యు. రాకతో ఒక్కొక్కటిగా మూతపడుతున్నవి. కొత్త బండ్లు షోరూముకు పోతాయి. షోరూమువారు డిప్లొమా అడుగుతారు. షెడ్డులో పెరిగిన కుర్రవాడికి చెయ్యి ఉన్నది, కాగితం లేదు. మన కళాశాలలో చదివిన కుర్రవాడికి కాగితం ఉన్నది, చెయ్యి లేదు. ఒకే ఇంట్లో ఈ ఇద్దరు అన్నదమ్ములను నేనెరుగుదును.

కమిటీ పెద్దలు నా మాటను అపార్థం చేసుకోకూడదు. బి.ఎ., బి.కాం. తరగతులు తీసివేసి కార్ఖానా పెట్టమని నేను కోరడం లేదు. ఒక పాత కామన్ రెయిల్ ఇంజను, ఒక మంచి స్కానరు, ఒక ఆసిలోస్కోపు, వారానికి మూడు సాయంత్రాలు. ఉస్తాదులను అధ్యాపకులుగా పిలిచి గౌరవ వేతనం ఇవ్వండి. డిగ్రీ లేనివారిని ఎలా పిలవడమని గత సమావేశంలో ఒక సభ్యులు అడిగారట. తడిగుడ్డతో రోగం చెప్పగలిగిన ఆ మనిషికి మా ప్రయోగశాలలో కుర్చీ వేయడానికి నాకు ఏ సంకోచమూ లేదు. ఆయన నాజిల్ చెప్పనీ, నేను వోల్టేజి చెబుతాను. పిల్లలు ఇద్దరి దగ్గరా నేర్చుకొంటారు.

భాషను గురించి కూడా ఒక ఆక్షేపణ ఉన్నది. ఈ శాస్త్రం ఇంగ్లీషులో తప్ప చెప్పలేమంటారు. 1917లో హైదరాబాదులో దారుల్ తర్జుమా స్థాపించి, మరుసటి సంవత్సరం వెలసిన ఉస్మానియా విశ్వవిద్యాలయానికి వైద్యం, ఇంజనీరింగు పుస్తకాలతో సహా ఉర్దూలోకి తెచ్చిన నేల ఇది. 1968లో ఏర్పడిన తెలుగు అకాడమీ డిగ్రీ శాస్త్రగ్రంథాలను తెలుగులో అచ్చువేసింది. అటువంటి వారసత్వం రెండు వైపులా ఉన్న కళాశాలలో, ఇ.సి.యు.ను చల్లగా ఉంచుకొనే పద్ధతులను నాలుగు పుటలలో, ఎడమ వైపు తెలుగులో, కుడి వైపు ఉర్దూలో అచ్చువేయలేమా? కొత్త మాటలు పుట్టించనక్కరలేదు. నాజిల్‌ను నాజిల్ అనే వ్రాద్దాం, టాంకాను టాంకా అనే వ్రాద్దాం. యాసంగి కోతలకు ముందే, మార్చి నెలలో, ప్రతి హార్వెస్టర్ డ్రైవరు చేతిలో అది పెట్టాలి. మా ఎన్.ఎస్.ఎస్. విద్యార్థులు చిన్నకోడూరు మండలంలో పంచడానికి ఇప్పటికే ముందుకు వచ్చారు. తెలుగు ప్రతిని నేను వ్రాసి ఉంచాను. ఉర్దూ విభాగంవారు అనువాదానికి ఒప్పుకొన్నారు. అచ్చు ఖర్చు మాత్రం కమిటీ మంజూరు చేయవలసి ఉన్నది.

వ్రాతప్రతిని ఉస్తాద్‌కు చదివి వినిపించాను. అంతా విని ఒక్క సవరణ చెప్పాడు. రేడియేటరు జాలి దులపాలన్న మాటను నేను ఏడవ అంశంగా వ్రాశాను. “దాన్ని మొదట రాయి సార్. డ్రైవర్లు ఏడో నంబరు దాక చదవరు” అన్నాడు. మార్చాను.